బొట్టు పెట్టుకునే చోట చూడు

నేను ఏడవడం నేర్చుకున్నది పదమూడో ఏట, దోమ మండలంలోని మా ఊళ్ళో, గొర్రెల దొడ్డి వెనక. నేర్పింది మా మేనత్త. అంతకు ముందు రోజే మా నాయనమ్మ పోయింది. మా దిక్కు చావు జరిగితే, వచ్చిన ప్రతి ఆడమనిషీ ఇంటి ఆడవాళ్ళను ఒక్కొక్కరినీ పట్టుకుని, పోయినవాళ్ళ మంచితనమంతా రాగం తీసి చెబుతూ ఏడుస్తుంది. మనమూ అందుకోవాలి. మగవాళ్ళు బయట నిలబడితే చాలు. లోపల ఆడవాళ్ళ మధ్య నేనూ ఊరికే నిలబడ్డాను. ఎవరొచ్చి పట్టుకున్నా చేతులు కిందికి వేలాడేసుకుని, ఎప్పుడు వదులుతారా అని చూశాను. బయట మా నాన్నా సరిగ్గా అలాగే నిలబడ్డాడు. ఆయన్ని చూసి, పాపం దుఃఖాన్ని దిగమింగుకున్నాడు అన్నారు. నన్ను చూసి పొగరన్నారు.

మేనత్తకు అది ఇంటి పరువు సంగతి. మర్నాడు నన్ను దొడ్డి వెనక్కి తీసుకుపోయి పాఠం చెప్పింది.

"ఏడుపు రాకుంటె రాకపాయె. ఓని మొకం మీదికి గుంజుకో. భుజాలు గదిలియ్యి. నడుమ నడుమ ముక్కు ఎగబీల్చు. కండ్లల్ల నీళ్ళున్నయా లేవా అని ఎవలన్న ఏలు వెట్టి జూస్తరా?"

ఇంకో పాఠం కూడా ఆ రోజే చెప్పింది. ఎదుటివాళ్ళ కళ్ళలోకి చూస్తే నాకు వాళ్ళ మాటలు వినపడవు. కళ్ళు మాత్రమే కనపడతాయి, మాట ఎటో పోతుంది. అందుకని తల దించుకుంటే, పెద్దలంటే లెక్క లేదని పేరు. "బొట్టు వెట్టుకునే జాగ జూడు. ఆళ్ళకు కండ్లల్లకు జూసినట్టే ఉంటది," అంది. ఆమెకు ఇవన్నీ ఎలా తెలుసో నేను ఎప్పుడూ అడగలేదు.

నేను బాగా నేర్చుకున్నాను. రెండు మూడు చావుల్లోనే చేయి తిరిగింది. మెత్తని మనసున్న పిల్ల అని ఊళ్ళో పేరొచ్చింది. ఆ పేరు మీదే తాండూరు సంబంధం కూడా కుదిరింది.

ఇప్పుడు నేను బస్సు కండక్టర్‌ని. తాండూరు నుంచి వికారాబాద్, వికారాబాద్ నుంచి తాండూరు. అంత జనంలో ఎలా పనిచేస్తావని అడుగుతారు. జనంతో నాకు పేచీ లేదు. వాళ్ళు తర్వాత ఏం మాట్లాడతారో తెలియకపోవడంతోనే పేచీ. బస్సులో ఆ బాధ లేదు. ఎక్కడికి అంటే ఊరి పేరు చెబుతారు. ఆధార్ కార్డు అంటే కార్డు చూపిస్తారు. డ్యూటీ దిగి ఇంటికొచ్చాక బాత్రూమ్‌లో నల్లా విప్పి, బోర్లించిన బకెట్ మీద కూర్చుని అరగంటసేపు గోడను చూస్తాను. నేను శుభ్రత గల మనిషినని మా ఆయన చుట్టాలందరికీ చెప్పుకుంటాడు.

మాకు ఇద్దరు పిల్లలు. చిన్నోడికి నాలుగేళ్ళప్పుడు వికారాబాద్‌లో పిల్లల డాక్టరు ఆటిజం అన్నాడు. వాడి విషయంలో ఎవరికీ వాదన లేదు. మొత్తం నాలుగు మాటలు వచ్చు. మా ఆయన బండలు పాలిష్ చేసే చోట పనిచేస్తాడు. ఆ మోత వీధి చివర వినపడినా వాడు చెవులు మూసుకుని, ఇంట్లో చల్లని నాపరాయి నేలకు చెంప ఆనించి పడుకుంటాడు. ఆ రోజు ఆసుపత్రిలో ఒక కాగితం ఇచ్చారు. కుటుంబంలో ఇలాంటి లక్షణాలు ఇంకెవరికైనా ఉన్నాయా అని అందులో ఒక ప్రశ్న. మా ఆయన ఒక్క క్షణం కూడా ఆలోచించకుండా 'ఎవరూ లేరు' అని రాశాడు. పక్కనే నేను బల్ల అంచు చూస్తూ కూర్చున్నాను.

అప్పటికి మా నాన్న బతికే ఉన్నాడు. అరవై రెండు గొర్రెల్ని అరుపును బట్టే గుర్తుపట్టేవాడు. సొంత అల్లుడు చొక్కా మార్చుకొస్తే మాత్రం ఎవరని అడిగేవాడు. ఆయన సత్తు పళ్ళెంలో కాక వేరే దాంట్లో రొట్టె పెడితే ముట్టకుండా లేచి మంద వెంట వెళ్ళిపోయేవాడు. ఊరు ఆయన్ని నెమ్మదస్తుడని, దేవుడిలాంటి మనిషని మెచ్చుకుంది. అలాంటివాళ్ళు మా ఇంట్లో ఎవరూ లేరు.

పెద్దది ఆడపిల్ల, తొమ్మిదో తరగతి. వేసవి సెలవుల్లో తాత దగ్గరికి పోయేది. ఇద్దరూ పొద్దున మంద వెంట వెళితే మళ్ళీ పొద్దుగూకాకే రావడం. ఏం మాట్లాడుకున్నరే అని అడిగితే, "మస్తు మాట్లాడుకున్నం," అనేది. పక్క చేనువాళ్ళు మాత్రం ఆ ఇద్దరూ నోరు విప్పగా ఏనాడూ చూడలేదన్నారు.

బడిలో దాని మీద ఒక్క ఫిర్యాదు లేదు. మంచి పిల్ల, మర్యాద తెలిసిన పిల్ల. ఇంటికొచ్చాక మంచం కింద దూరి, చున్నీ మొహానికి చుట్టుకుని గంటసేపు బయటికి వచ్చేది కాదు. చదువు ఎక్కువైంది అనుకున్నాను. బొట్టు చోటు దానికి ఆరేళ్ళప్పుడే నేర్పాను. ఇద్దరు నవ్వాక మూడోదానిగా నవ్వమని కూడా. జడ వేసుకోవడం నేర్పినట్టే నేర్పాను. ఆడపిల్లకు అవసరమని.

పోయిన ఏడాది వానలు మొదలయ్యాక నాన్న పోయాడు. మేనత్త ముసలిదైంది గానీ గొంతు తగ్గలేదు. నాన్న తలాపున కూర్చుని అందుకుంది.

"నూరు గొర్ల మందనేలినవు గదా అన్నా..."

"అరవై రెండు," అంది నా కూతురు.

మేనత్త ఊపిరి పీల్చుకుని ముందుకు సాగింది. "ఏడాదికొక్క పట్టుచీర పెట్టినవు గదా అన్నా..."

"నూలు చీర. ఒక్కసారే పెట్టిండు తాత."

బయట మగవాళ్ళలో ఎవరో దగ్గారు. మేనత్త ఏడుపు ఆపి దాని మొహం పరీక్షగా చూసింది. చుక్క నీరు లేదు. "తాండూరుల పుట్టింది గదా, గుండె కాడ బండ వెట్టి పంపిన్రు," అంది. నాకు కోపం రావాల్సింది. సిగ్గేసింది. అది చెప్పుకోవడం ఇప్పటికీ కష్టంగానే ఉంది.

ఆ సాయంత్రం నాన్న సత్తు పళ్ళెం చేతుల్లో పట్టుకుని పిల్ల నా దగ్గరికొచ్చింది. "అమ్మా, నాకు ఏడుపొస్తలేదు. గట్లయితే తాతంటే నాకు ఇష్టం లేనట్టేనా?"

ఒక్క మాటతో పోయే సంగతి. ఇష్టమే బిడ్డా అంటే సరిపోయేది. నేను దాన్ని గొర్రెల దొడ్డి వెనక్కి తీసుకుపోయాను. చున్నీ మొహం మీదికి గుంజుకోమన్నాను. భుజాలు కదిలించమన్నాను. నడుమ నడుమ ముక్కు ఎగబీల్చమన్నాను.

పదకొండో రోజు అది నాకంటే బాగా ఏడ్చింది. వచ్చిన ప్రతి ఆడమనిషినీ పట్టుకుని, నూరు గొర్రెలని, పట్టుచీరలని ఒక్కటీ వదలకుండా ఏడ్చింది. "గిప్పుడు మనిషైంది," అని మేనత్త దాని తల నిమిరింది. అందరూ సంతోషించారు. తాండూరుకు వచ్చాక పిల్ల మంచం కింద దూరింది. మర్నాడు బడికి పోలేదు. ఆ తర్వాతా పోలేదు. ఎవరితోనూ మాట్లాడలేదు. రొట్టె ముక్క లోపలికి తోస్తే సగం తినేది. ఏం చేశానో నాకు అప్పుడు అర్థమైంది. అది తన తాతకు అబద్ధం చెప్పింది, నేను చెప్పించాను. నా మీద నాకు పుట్టిన అసహ్యం అంతా ఇంతా కాదు.

తొమ్మిది రోజులు చూసి మా ఆయన అన్నాడు: "డాక్టరుకు జూపెట్టు. ఏం లేదంటె గిది అలకే. సోమవారం నేనే రెక్క వట్టుకొని బడిల ఇడిచొస్త."

ఆయన చెడ్డవాడు కాదు. భయపడ్డాడు. కానీ అన్నంత పనీ చేస్తాడు. అలా ఈడ్చుకుపోతే, మళ్ళీ పొద్దంతా నటించి ఇంటికొచ్చే పిల్లలో ఇంక ఏమీ మిగలదని నాకు తెలుసు.

చిన్నోణ్ణి చూసిన డాక్టరే. గదిలోకి అడుగుపెట్టగానే పిల్ల నిటారుగా కూర్చుంది. నమస్తే సార్ అంది. ఏ తరగతి, ఏ సబ్జెక్టు ఇష్టం, స్నేహితులెవరు, అన్నింటికీ తడుముకోకుండా చెప్పింది. ఆయన ఏదో హాస్యమాడి నవ్వాడు, పక్కనున్న నర్సూ నవ్వింది, మూడోదానిగా నా కూతురు నవ్వింది. ఇంట్లో తొమ్మిది రోజులుగా మూసుకున్న నోరు అదేనా అని నాకే అనుమానమొచ్చింది.

"చక్కగా మాట్లాడుతోందమ్మా," అన్నాడు డాక్టరు. "కళ్ళలోకి చూస్తోంది, నవ్వుతోంది. తమ్ముడిలాంటిదేమీ నాకు కనిపించడం లేదు. తాత పోయిన దిగులు అయ్యుండొచ్చు."

కాగితం మీద ఆ మాటే రాయబోయాడు. మేనత్త నేర్పిన గుట్టు ఇన్నేళ్ళలో నేను ఎవరికీ చెప్పలేదు. మా ఆయనకు కూడా.

"సార్," అన్నాను. "అది మీ కండ్లల్లకు జూస్తలేదు. కళ్ళద్దాల నడుమ కమ్మి జూస్తున్నది."

"ఎలా తెలుసమ్మా?"

"నేనే నేర్పిన. నేను గూడ గాడ్నే జూస్తున్న."

డాక్టరు పెన్ను ఆపాడు. కాసేపు మా ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. తర్వాత కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు. నేనూ నా బిడ్డా బల్ల మీది కళ్ళద్దాల వైపు చూస్తూ కూర్చున్నాం.

ఆయన చాలాసేపు అడిగాడు, ఈసారి నన్ను. మగపిల్లల్లో ఒకలా కనిపించేది ఆడపిల్లల్లో ఇంకోలా ఉండొచ్చన్నాడు, దాచడం నేర్చుకున్నవాళ్ళలో అసలే కనిపించకపోవచ్చన్నాడు. మళ్ళీ రమ్మన్నాడు, బడికి ఉత్తరం రాసిస్తానన్నాడు. ఆ పాత ప్రశ్నే ఉన్న కాగితం ఇచ్చాడు. ఈసారి పెన్ను నా చేతిలో ఉంది. మా నాన్న, నేను, మా చిన్నోడు అని రాశాను. కాస్త ఆగి, మేనత్త అని కూడా రాసి, పక్కన ప్రశ్నార్థకం పెట్టాను.

తిరుగు బస్సులో ఇద్దరం కిటికీ పక్కన కూర్చున్నాం. అనంతగిరి గుట్టల మలుపుల దగ్గర దానికి చెప్పాను. "మా నాయిన పోయిన్నాడు నేను ఏడ్చిందంత కొంగు కిందనే. ఒక్క చుక్క రాలే. ఇయ్యాల్టిదాంక రాలే. మా నాయినంటె నాకు మస్తు ఇష్టం."

నేను దానివైపు చూడలేదు, అది నావైపు చూడలేదు. తాండూరు వచ్చేదాకా ఇద్దరం చేల వైపు చూస్తూ కూర్చున్నాం.

బస్టాండులో మా ఆయన ఎదురుచూస్తున్నాడు. ఏమడగాలో తెలియక, "గింత దూరం ఏం మాట్లాడుకుంట వచ్చిన్రు?" అన్నాడు.

పిల్ల ఆయన చొక్కా గుండీ వైపు చూస్తూ చెప్పింది.

"మస్తు మాట్లాడుకున్నం."