ముడి లేని కుట్టు

హిందూపురంలో ప్యాసింజరు ఎక్కగానే నా భార్య, ధర్మవరంలో ఇవ్వాల్సిన పట్టు రవికె తీసి చేతి అంచుకు పూలు కుట్టసాగింది. ఎదుటి సీటులోని నడివయసు మనిషి కాసేపు చూసి చేయి చాచాడు.

“ఏదీ, ఈడియ్యమ్మా, చూస్తా.”

ఆమె ఇచ్చేసింది. అతను పూలవైపు చూడకుండా రవికెను తిరగేశాడు.

“వెనకల ఒక్క ముడీ లేదే. కొస యాడ దాచినావు?”

“మొదట్లో కొంచెం దారం వదిలి, దాని మీదనే కుట్టుకుంటా పోతానన్నా. అయిపోయినాక మిగిలిన కొసను కుట్ల కిందికి దూర్చి కత్తిరిస్తా. ముడేస్తే ఒంటికి గుచ్చుకుంటాది. ఇస్త్రీ చేస్తే పైకి ఉబ్బుతాది.”

ఇన్నేళ్లలో ఆమె తన పని గురించి నాతో ఇంత మాట్లాడలేదు. నేను అడిగిందీ లేదు. అది నాకప్పుడు తోచలేదు. ఆమె ముఖంలోని సంతోషం మాత్రం ఓర్చుకోలేకపోయాను.

“ముడి లేకుంటే ఊడిపోదా?” అన్నాను.

“నువ్వే పీకి చూడప్పా,” అంటూ అతను నవ్వి రవికె నాకిచ్చాడు.

ఒక రేకును గోటితో పట్టి లాగాను. పరీక్షకు అంత బలం అక్కర్లేదు. దారం రాలేదు, పట్టు ముడుచుకుపోయింది. ఆమె తీసుకుని బొటనవేలితో నిమిరి సరిచేసింది.

పెనుకొండలో అతను, “పోయొస్తామ్మా,” అని ఆమెకు మాత్రమే చెప్పి దిగాడు.

“ఎవరు, మీ పుట్టింటోళ్లా?” అన్నాను.

ఆమె సూదిని గుడ్డకు గుచ్చి, మడిచి సంచిలో పెట్టింది.

ఆ తర్వాత ఆ దారిన చాలాసార్లు ప్రయాణం చేశాం. పక్కన నేనుండగా ఆమె మళ్లీ సూది తీయలేదు.