సబ్‌టైటిల్స్ లేని దెయ్యం సినిమా

కోవిడ్ ఆంక్షలు తొలగి, విదేశీ విద్యార్థులు వెల్లువలా వస్తున్న ఏళ్లలో నేను హామిల్టన్ నగరంలో ఒక కాలేజీ ఆడిటోరియానికి టెక్నికల్ మేనేజర్‌ని. ఏ ప్రదర్శన జరగాలో ప్రోగ్రామ్ కోఆర్డినేటర్ నిర్ణయిస్తారు. లైట్లు, సౌండ్, ప్రొజెక్షన్ పరంగా అది సాధ్యమా కాదా అన్నది నేను తేల్చాలి.

ఒక శీతాకాలం అనూష అనే తెలుగు విద్యార్థిని తన రూమ్మేట్‌ను నా దగ్గరికి తీసుకొచ్చింది. "అంకుల్, ఈమె రత్న. వీళ్లది ఇండోనేషియా. ప్రోగ్రాం పెడదామంటే మేడమ్ ఒప్పుకోవట్లేదు. మీరొకసారి మాట్లాడండి, ప్లీజ్."

కోఆర్డినేటర్ మార్గరెట్ తోలుబొమ్మలాట, సంప్రదాయ నృత్యం కావాలంది. రత్న అడిగినవి వేరు: బాతిక్ అద్దకం బట్టతో కుర్ర డిజైనర్లు కుట్టిన జాకెట్ల ఫ్యాషన్ షో, డోలు దరువుతో ఊపేసే దంగ్‌దుత్ పాటలు, చివర ఒక కొత్త దెయ్యం సినిమా. "తోలుబొమ్మలాటా, నృత్యమూ మావే. కానీ ఇప్పుడు మేం వేసుకునేవి, పాడుకునేవి, చూసి భయపడేవి ఇవి," అంది. మెత్తగానే అంది, ఒక్క అంశమూ వదులుకోలేదు. ఏ ఇబ్బందీ రాదని నేను పూచీ పడ్డాక మార్గరెట్ ఒప్పుకుంది.

ముందురోజు సినిమా మొత్తం వేసి చూసుకోవడం మా నియమం. వేస్తే, ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్ లేవు. పంపిణీదారు ఫోన్ ఎత్తలేదు. సినిమా తీసేయమంది మార్గరెట్.

"మాటలన్నీ నేను మైకులో ఇంగ్లిష్‌లో చెబుతాను," అంది రత్న.

"సినిమా మొత్తం ఎలా చెప్తుంది అంకుల్? గొంతు పోతుంది!" అని అనూష కంగారుపడింది.

ప్రొజెక్షన్ గదిలో మైకు అమర్చాను. మొదటిసారి రత్న గుక్క తిప్పుకోకుండా అంతా చెప్పింది. దాంతో సినిమాలోని భయం కాస్తా ఆవిరైపోయింది. దెయ్యం సినిమాలో సగం పని నిశ్శబ్దానిదే. అలాంటి చోట్ల మైకు కట్టేయమన్నాను, మిగతాచోట్ల పొట్టి మాటలు చాలన్నాను. సాయంత్రం దాకా ఆమె సినిమాను మళ్లీ మళ్లీ వేయించుకుని సాధన చేసింది.

మర్నాడు మధ్యాహ్నం హాలు నిండింది. నీలం బాతిక్ జాకెట్‌లో అనూష కూడా ర్యాంప్ మీద నడిచింది. దంగ్‌దుత్ మొదలవగానే జనం నడవల్లోకి దిగి చిందులేశారు. నడవలు ఖాళీగా ఉండాలన్నది ఫైర్ నిబంధన కాబట్టి అందర్నీ స్టేజీ ఎక్కించాను. సినిమాలో దెయ్యం చెల్లెలి గొంతుతో అక్కను పిలిచే చోట రత్న మైకు ఆపేసింది. హాలంతా కెవ్వుమంది, ముందు వరుసలో మార్గరెట్‌తో సహా.

వచ్చే టర్మ్‌లోనూ హాలు ఇస్తానని మార్గరెట్ తనే వచ్చి చెప్పింది. అనూష అన్నట్టే రత్న గొంతు పోయింది, తలూపింది.

ఆ తర్వాత సినిమా కాపీ అందిన రోజే సబ్‌టైటిల్స్ చూడాలని మా నియమాల్లో చేర్చాను. ఒక దేశం గురించి ఏం చూపాలో ఆ దేశం వాళ్లనే ముందు అడగాలన్నది ఏ నియమంలోకీ ఎక్కలేదు. రిటైరయ్యేదాకా నేను మాత్రం పాటించాను.