ఉప్పు అడగదగిన ఇల్లు

నదులను దాటించి, భయాలను దాటించి, మూడో తరగతి పెట్టెలో కిటికీ పక్కన చోటు కూడా చూపే దేవునికి స్తోత్రం.

నైజాంలో పోలీసు చర్య జరిగి నాలుగు నెలలైంది. నాకు సికింద్రాబాదులో ఒక మిషను బడిలో పని దొరికింది. నా భార్య కరుణమ్మకు మాత్రం ఆ ఊరంటే భయం. "ఉప్పు అయిపోతే అడగడానికి ఒక్క ఇల్లుందో లేదో చూసి రండి. లేకపోతే మీరే వెళ్లి వండుకు తినండి" అంది. నా వంట మా సంఘమంతా ఎరుగును.

శుక్రవారం సాయంత్రం బెజవాడలో రైలెక్కాను. ఎదురుగా కూర్చున్న బట్టల వర్తకుడు నా పూరీలు సగం తిని, "గదులదేముంది మాష్టారూ, పొరుగు చూసుకోండి" అన్నాడు. తిన్నదానికి తగిన సలహాయే.

ఉదయం ఏడున్నరకు దిగి జట్కా మాట్లాడుకున్నాను. ఎనిమిదింటికి రెజిమెంటల్ బజార్ వెనక సందులో ఉన్నాను. నల్లా దగ్గర మనుషులు లేరు, బిందెలే వరుసలో నిలబడి ఉన్నాయి. ఒక్క బిందె కూడా వరుస తప్పి ముందుకు జరగలేదు. పొరుగు మంచిదేనని నాకప్పుడే ఈల వేయాలనిపించింది.

బడివారు చెప్పిన ఖాళీ ఇంటికి ఎదురు తలుపు కొట్టాను. అది బెత్తెడు తెరుచుకుంది. లోపల ఒక ముసలమ్మ.

"కొంచెం ఉప్పు ఇస్తారా అమ్మా?"

ఆమె నా కోటు చూసింది, చేతిసంచి చూసింది, నా వెనక తాళం వేసి ఉన్న ఇల్లు చూసింది. "కుండ లేదు, పొయ్యి లేదు, ఇంక ఇల్లే తీస్కోలె. ఉప్పు నోట్లె పోస్కుంటవా బిడ్డా?"

సంగతంతా చెప్పేశాను, నా వంటతో సహా. తలుపు బార్లా తెరుచుకుంది. లోపల ఆమె కొడుకు కుట్టు మిషను ఆపి నవ్వుతున్నాడు. ఆమె పేరు జైనబీ.

"నాల్గు నెల్ల సంది ఎవ్వరు తలుపు గొట్టినా పరేషానే. ఉప్పుకు కొట్టినోనివి నువ్వే" అంది.

చాయ్ ఇచ్చింది. కళ్లు మూసి, నాకు అలవాటైనంతసేపు కృతజ్ఞతలు చెల్లించాను. తెరిచేసరికి కప్పు మీద సాసరు మూతపెట్టి ఉంది.

"సల్లారుతదని మూసిన. మా దువా సుత పొడుగే."

తర్వాత దొడ్డుప్పు మూటగట్టింది. నేను చెయ్యి చాపితే, ఇవ్వకుండా గడప మీద పెట్టింది. "చేతికియ్యరాదు, కొట్లాటైతది. గది మనకొద్దు."

ఇలాంటి నమ్మకాలు తప్పని ఆదివారపు బడిలో ఎన్నిసార్లు చెప్పానో. వంగి, బుద్ధిగా తీసుకున్నాను.

"ఇది బదులే. మీ ఇంటామెనే అచ్చి తిరిగియ్యాలె" అంది జైనబీ.

మధ్యాహ్నానికి ఆ ఖాళీ ఇల్లుగలవారికి బయానా ఇచ్చి, అయిదింటి రైలెక్కాను. మూట ఒళ్లో పెట్టుకుంటే పక్కాయన అడిగాడు, "ఏమిటండీ అది?"

"మా ఇల్లండీ" అన్నాను. ఆయన కాస్త దూరం జరిగాడు. ఉప్పు గురించి నేను విన్న ప్రసంగాలు తక్కువేం కావు. ఏదీ ఇంత రుచిగా లేదు.

ఇంట్లో కరుణమ్మ మూట విప్పి, నా మాటలన్నీ విని, ఒక ఉప్పుకల్లు నాలుక మీద వేసుకుంది.

"ఎప్పటిలోగా తిరిగివ్వాలట?" అంది.

చదువరులారా, నాతో కలిసి ప్రార్థించండి: ప్రభువా, ఆ తలుపును ఉప్పు కోసం తప్ప ఇక ఎవరూ కొట్టకుందురు గాక. ఆమేన్.