చచ్చిన మంత్రి కదిలిన రోజు

మేం సరిహద్దు పోస్టుకి చేరేసరికి మధ్యాహ్నం రెండయింది. ఎండ ఉంది, వేడి లేదు. వీపు మీద ఇరవై కిలోల మూట, నడుముకి తాడు, చేతిలో మంచుని కొట్టే ఐస్ యాక్స్. మొవ్వ వరిచేలల్లో పుట్టినవాణ్ణి, ఎత్తంటే నాకు తెలిసింది కరకట్టే. పదిహేడు వేల అడుగుల మీద నిలబడి నోరు తెరుచుకుని ఊపిరి పీలుస్తూ చుట్టూ చూశాను. తెలుపు తప్ప ఇంకేం లేదు. మొదటి అరగంటలోనే విసుగొచ్చింది.

ఇప్పుడు గుడివాడలో నేను కాపలా కాసే అపార్ట్‌మెంటు వాళ్ళు అడుగుతుంటారు, ఎంతమందిని కాల్చావని. నిజం చెప్తే నిరాశపడతారు. తొంభైల్లో ఆ పోస్టులో నేను చేసింది మంచు తవ్వడం, స్టవ్ వెలిగించడం, మళ్ళీ మంచు తవ్వడం. ఒకచోట కుదురుగా కూర్చోలేని మనిషిని నేను. అలాంటివాణ్ణి తీసుకెళ్ళి డబ్బాలాంటి బంకర్లో పెడితే ఎలా ఉంటుందో మీరే ఊహించుకోండి.

మాది కింద పోస్టు, ఎనిమిది మందిమి. పైన గుట్ట మీద ఇంకో పోస్టు, అక్కడ ముగ్గురు. వాతావరణం బాగుంటే రెండు గంటల ఎక్కుడు. రెండింటి మధ్యా టెలిఫోన్ తీగ వేశారు. తీగ తెగిందో లేదో చూడ్డానికి గంటకోసారి ఫోన్ చెయ్యాలని ఆర్డరు. ఇటు ఫోన్ నాది. అటు మా బందరు బావది.

రక్తసంబంధం ఏం లేదు. బటాలియన్‌లో కృష్ణా జిల్లావాళ్ళం మేమిద్దరమే, అందుకని బావ. వాడిది గిలకలదిండి. నాన్నకి బోటుంది, అమ్మ చేపల వేలంలో గొంతున్న మనిషి. పోస్టుకి వచ్చేటప్పుడు వాడు మూటలో తెచ్చుకున్నవి రెండే: ఎండు రొయ్యల పొడి, అయస్కాంతం చదరంగం.

నాకూ ఆట వచ్చు. కానీ నాది మా పెదనాన్న అరుగు మీద నేర్చుకున్న ఆట. మా ఊళ్ళో బంటు మొదట కూడా ఒక్క గడే నడుస్తుంది. రాజుకి అప్పటిదాకా ఎవరూ చెక్ చెప్పకపోతే, ఆట మొత్తంలో ఒక్కసారి గుర్రంలా దూకొచ్చు. బావ బందరు హైస్కూల్లో లెక్కల మేస్టారి దగ్గర పుస్తకం చూసి నేర్చుకున్నాడు. రాజుని ఏనుగు చాటుకి చేర్చి కోట కట్టుకోవడం వాడి పద్ధతి. నేను మొదటిసారి రాజుని దూకించినప్పుడు ఫోన్లో పగలబడి నవ్వాడు.

"రాజేంటి బావా, కుప్పిగంతులేంటి? మీ మొవ్వ రూల్సు ఈడ చెల్లవు."

గంటకి చెరో ఎత్తు. నాకు బోర్డు లేదు. రేషన్ అట్టపెట్టె మీద గళ్ళు గీసి, అడ్డంగా ఏ నుంచి హెచ్, నిలువుగా ఒకటి నుంచి ఎనిమిది రాసి, చాక్లెట్ కాగితాలు మడిచి పావులు చేసుకున్నాను. మా పోస్టుకి పెద్ద, సుబేదార్ సాబ్, ఒకసారి తిడదామని వచ్చి, చూసి, ఊరుకున్నాడు. "ఆడుకోండి. మెలకువగా అయినా ఉంటారు," అన్నాడు.

మద్రాసు కుర్రాడొకడు చదరంగంలో ప్రపంచంలోని పెద్ద పెద్దవాళ్ళని ఓడిస్తున్న రోజులవి. వాడి ఆటలు పేపర్లో పడితే బావ కంఠతా పట్టేవాడు. సిసిలియన్ అని ఒక ఎత్తుగడ నాకు నేర్పింది బావే. నేర్పి మరీ దాంతోనే నన్ను చిత్తుచేసేవాడు. ముట్టుకున్న పావునే కదపాలని పుస్తకంలో రూలుంది. ఫోన్లో ఎవరు చూస్తారు? అయినా, "గుర్రానికి చెయ్యి తగిలింది బావా, అదే కదుపుతున్నా," అని వాడే చెప్పి ఆట పోగొట్టుకున్న రోజులున్నాయి. నాకు ఒళ్ళు మండేది. అంత నిజాయితీ అవసరమా అని.

ఆ రోజు పొద్దున్నే మంత్రికి మంత్రి పోయింది. ఇద్దరం ఒకరి మంత్రిని ఒకరం చంపుకున్నాం. ముందురోజు నుంచీ గాలి, మంచు. చెయ్యి చాపితే చెయ్యి కనబడదు. హెలికాప్టర్ రాదని రేడియోలో చెప్పారు. నేను బంకర్లో ఆ మూల నుంచి ఈ మూలకి తిరుగుతున్నాను. పదకొండింటికి ఫోన్ చేసి నా ఎత్తు చెప్పాను.

"ఇక నీది చెప్పు బావా," అన్నాను.

"రాజు. జీ ఏడు."

వాడి రాజు 'ఈ' ఎనిమిది గడిలో ఉంది. అక్కణ్ణుంచి జీ ఏడంటే అచ్చం గుర్రం దూకు. నాకు ఎక్కడలేని సంతోషం వచ్చింది. "దారికొచ్చావా! ఇన్నాళ్ళూ నన్ను ఏడిపించి, ఇప్పుడు నువ్వూ దూకుతున్నావా?"

"దూకడమేంటి? ఒక్క గడే కదా ఏసింది," అని పెట్టేశాడు. నవ్వలేదు.

బంకర్లో అందరూ నవ్వారు. ఓడిపోతున్నాడు, దొంగాట మొదలెట్టాడన్నారు. నేనూ కాసేపు నవ్వాను. తర్వాత కూర్చోలేకపోయాను. చెయ్యి తగిలిందని ఒప్పుకునేవాడు దొంగాట ఆడతాడా?

పన్నెండింటికి మళ్ళీ చేసి నా ఎత్తు చెప్పాను.

"మంత్రి. డీ ఐదు."

"నీ మంత్రి చచ్చింది కదా బావా, పొద్దున."

"నా ఎదురుగానే ఉంది. నాకే చెప్తావా?" మాట ముద్దగా ఉంది. నా మీద ఎప్పుడూ గొంతు లేపనివాడు అరుస్తున్నాడు.

భయమేసింది. పరుగున వెళ్ళి సుబేదార్ సాబ్‌కి చెప్పాను. ఆయన స్టవ్ దగ్గర్నుంచి తల ఎత్తాడు. "చదరంగంలో తప్పు ఎత్తు వేశాడని ఈ మంచులోకి నలుగుర్ని పంపమంటావా?"

"వాడు అలాంటి తప్పు చెయ్యడు సాబ్."

మా నర్సింగ్ అసిస్టెంటు, కేరళ మనిషి, ఫోన్ అందుకున్నాడు. అంత ఎత్తులో ఒక్కోసారి మెదడు వాస్తుంది. ముందు తెలివి చెడుతుంది, చెడిందని ఆ మనిషికే తెలీదు. వెంటనే కిందకి దించకపోతే దక్కడు. పై పోస్టులో ఇంకో జవాన్ని పిలిచి, తూలుతున్నాడేమో చూడ్డానికి బావని అడుగు వెనక అడుగు ఆనించి నడిపించమన్నాడు. మేమందరం ఫోన్ చుట్టూ చేరాం.

"మూడో అడుగుకే పడిపోయాడు. నిన్నటి నుంచి తలనొప్పంటున్నాడు. మీకు చెప్పొద్దన్నాడు," అన్నాడు ఆ జవాను.

సుబేదార్ సాబ్ బయటికెళ్ళి గాలిలో నిలబడ్డాడు. ఒకడి కోసం నలుగురు పోవచ్చు. ఆ లెక్క ఆయనే వెయ్యాలి. లోపలికొచ్చి, "తాడు కట్టండి," అన్నాడు.

రెండు గంటల దారి మమ్మల్ని నాలుగు గంటలు తిప్పింది. టెలిఫోన్ తీగ పట్టుకుని ఎక్కాం. బావ నన్ను చూసి ఎవరని అడిగాడు. స్లీపింగ్ బ్యాగులో చుట్టి, ఆక్సిజన్ పెట్టి, మంచు మీద లాగే స్లెడ్జికి కట్టి దించాం. దారంతా వాడితో మాట్లాడుతూనే ఉన్నాను. ఏం మాట్లాడానో గుర్తులేదు. సిసిలియన్ ఎత్తులన్నీ అప్పజెప్పానని తర్వాత మావాళ్ళు చెప్పారు. పొద్దున్నే ఆకాశం తెరిపిచ్చింది, హెలికాప్టర్ వచ్చింది, వాణ్ణి తీసుకెళ్ళింది.

బతికాడని రేడియోలో కబురొచ్చింది. ఇంకో పూట ఆగితే దక్కేవాడు కాదన్నారట డాక్టర్లు. సుబేదార్ సాబ్ నా భుజం తట్టాడు. నా అంత మొనగాడు లేడనుకున్నాను.

డ్యూటీ ముగిశాక సెలవు మీద వచ్చి, ఇంట్లో ఒక్కరోజు కూడా నిలవలేక, ఆసుపత్రి నుంచి ఇంటికొచ్చేసిన బావని చూడ్డానికి బందరు బస్సెక్కాను. గిలకలదిండి రేవులో బోట్ల మీదకి ఐసు ఎక్కిస్తున్నారు. బావ వల బాగుచేస్తున్న వాళ్ళ మధ్య కూర్చుని ఉన్నాడు. ఒళ్ళు చేశాడు. నన్ను చూడగానే లేచి గట్టిగా పట్టుకున్నాడు. "బావా! రా, ఆట ఆడదాం."

ఇంటికెళ్ళాక వాళ్ళావిడ టీ ఇచ్చి, బోర్డు తెచ్చి, పావులన్నీ తనే పేర్చింది. "ఆడండి అన్నయ్యగారూ, ఆయనకి ఇష్టం," అని లోపలికెళ్ళింది. వాడెందుకు పేర్చలేదా అని నాకు తట్టలేదు.

బావ బంటుని రెండు గడులు నడిపాడు. నేనూ నడిపాను. తర్వాత గుర్రం ఎత్తి ఆగిపోయాడు.

"ఇదెలా ఎల్తది బావా?"

నేను బోర్డు వాడి వైపు జరిపాను. "నీ ఇష్టం బావా. ఎలాగైనా దూకించు."

"తప్పు. రూలుంటది కదా," అన్నాడు కోపంగా.

రెండు గడులు ముందుకి, ఒకటి పక్కకి అని చెప్పాను. శ్రద్ధగా విని, సరిగ్గా పెట్టాడు. నేను నా బంటుని కదిపాను. మళ్ళీ వాడి వంతు. అదే గుర్రాన్ని రెండు వేళ్ళతో ఎత్తి, బోర్డు మీద గాల్లో అలాగే పట్టుకుని, ఎప్పుడూ అడగనట్టు నా మొహంలోకి చూశాడు.