మరదలు చెప్పిన సాలీడు తలుపు

సాలెపురుగునకు సాయుజ్యమొసగిన కాళహస్తీశ్వరునకు నమస్కరించి, విరోధి నామ సంవత్సర కార్తిక శుద్ధ దశమినాడు ఈ నాలుగు మాటలు వ్రాస్తున్నాను. ఈ ఉదయం మా మరదలు, అనగా తమ్ముని భార్య, పెరటిలో ముంగిస తిరుగుతున్నదని చెప్పగా మా ఇంటావిడ నవ్వి, "దానికీ తలుపుందేంటమ్మా?" అన్నది. పదమూడేళ్ళుగా మా ఇంట మరదలు ఏ మాట చెప్పినా ఇదే ఎత్తిపొడుపు. దానిని మొదలుపెట్టినవాడను నేను.

ఆమెది అనంతపురం వైపు మెట్టపల్లె. కాపురానికి వచ్చిన ఏడు, కొబ్బరిపీచు వాసనా కాలువ చెమ్మా కలిసిన ఒక సాయంకాలం, మా అమలాపురం ఇంటి చూరున సాలెగూటిని చూచి, "మా తట్టు సాలీడు నేలలో బొరియ తవ్వి, మట్టితో తలుపు పెట్టుకుంటాది బావగారూ. లోపల్నుంచి లాక్కునిందంటే చీమ గూడా దూరదు" అన్నది, కన్నులు విప్పార్చుకొని. నేను తెలుగు పండితుడను, నిఘంటువులు కంఠస్థం. లూత, తంతువాయము, ఊర్ణనాభము అని పేర్లన్నీ ఏకరువు పెట్టి, "వీటిలో తలుపు ఎక్కడుందమ్మా? పూర్వులకు తెలియనిది నీకు తెలిసిందా?" అన్నాను. అరుగుమీది మా అక్కగారు అందుకొని, "గడపకి పసుపు కూడా రాస్తుందేంటే?" అన్నారు. అరుగంతా నవ్వింది. ఆ పిల్ల లోనికి పోయింది.

తారణ సంవత్సర మాఘమాసంలో ఆమె తమ్ముని పెండ్లికి వారి ఊరు వెళ్ళాను. ఆమె తండ్రిగారు తమ పొలం చూపిస్తూ, ఎండకు బిగిసిన గట్టుమీద గడ్డిపుల్లతో ఒకచోట మీటారు. రూపాయి బిళ్ళంత మట్టిమూత లేచింది. అడుగున తెల్లని పట్టు అస్తరు. మరుక్షణం లోపలి ప్రాణి దానిని గుంజుకొన్నది. నేలపై గీటైనా కనబడలేదు.

"మా పాప చిన్నప్పుడు దినామూ వీటికాడే కూసుండేది. మీకు చెప్పలేదా నాయనా?" అన్నారాయన.

మరదలు మంచినీళ్ళ చెంబుతో నా వెనుకనే ఉన్నది.

"లేదండీ మామగారూ" అన్నాను.

ఆమె చెంబు అందించింది. అరుగుమీద నవ్వినది తెలియక. ఈ అబద్ధానికి ఆ సాకైనా లేదు. ఇంటికి చేరగానే నిజం చెప్పవలెననుకొన్నాను. అనుకొంటూనే అయిదేండ్లు కావచ్చినది.

పై మాటలు వ్రాసిన ఎనిమిది దినాలకు, కార్తిక బహుళ తదియనాడు, వనభోజనాల పంక్తిలో ఇంటిల్లిపాది యెదుట, ఆ తలుపును నా కన్నులారా చూచితినని, చూచియు దాచితినని చెప్పాను.

"ఏరా, చూసేవా? మరిన్నాళ్ళూ చెప్పలేదేం?" అన్నారు అక్కగారు. ఎవరూ నవ్వలేదు. మరదలు నేతిగిన్నెతో నా విస్తరి ముందు నిలిచి, "అన్నం చల్లారిపోతుందండీ బావగారూ" అన్నది. ఈ పదమూడేళ్ళలో ఆమె మాట పూర్తిగా మా గోదావరి మాట అయిపోయిందని ఆనాడు గుర్తించాను.