మిరపకాయల ఘాటు

ఈ రోజు ప్రత్తిపాడు వైపు వెళ్లొచ్చాను. మద్రాసులో మనోవైద్యం చదివి గుంటూరు వచ్చాక, రోగిని మాట్లాడించడానికి ఇంటికి వెళ్లడం ఇదే మొదటిసారి. రైతు వెంకటేశ్వర్లు బస్సు దగ్గరికే ఎద్దుబండి తెచ్చాడు.

"మా పిల్లోడు పోయిన కాణ్ణించి మా ఇంటిది నోరు తెరవట్లేదు డాక్టరుగారూ. ఏడవను కూడా ఏడవలా. రోజంతా మిరపకాయల కాడే కూర్చుంటది," అన్నాడు.

అతని భార్య సుబ్బమ్మ కల్లంలో కాయల తొడిమలు తీస్తూ కనిపించింది. నాకు కుర్చీ వేశారు. ఎదురుగా కూర్చుని, కళ్లలోకి చూస్తూ, చదువుకున్న ప్రశ్నలన్నీ అడిగాను. ఆవిడ తలెత్తలేదు. ఆ కుర్చీ మీద నాకే విసుగు పుట్టింది. దిగి, ఆవిడ పక్కనే గోనెపట్టా మీద కూర్చుని, నేనూ తొడిమలు తీయసాగాను. ఇంకేమీ అడగలేదు. కాసేపటికి ఘాటుకు నా కళ్ల వెంట నీళ్లు కారాయి.

"చేత్తో తుడుచుకోమాకండి, ఇంకా మండుద్ది," అంది సుబ్బమ్మ.

వెంకటేశ్వర్లు నిలుచున్నచోటే బిగుసుకుపోయాడు. ఆవిడ కళ్లూ కారుతున్నాయి.

"రోజంతా ఈ ఘాటులో ఎలా కూర్చుంటున్నావమ్మా?" అన్నాను.

"ఇక్కడైతే ఎందుకు ఏడుస్తున్నావని ఎవరూ అడగరు గదండీ."

వెంకటేశ్వర్లు వచ్చి ఆవిడకు అటుపక్క కూలబడ్డాడు. కాసేపటికి అతనూ ఒక కాయ చేతిలోకి తీసుకున్నాడు.

ఇంటికొచ్చి మొహం కడుక్కున్నా నా కళ్లు ఆరలేదు. ఏమైందని మా ఆవిడ అడిగితే, మిరపకాయల ఘాటన్నాను. నమ్మలేదు. మీరైతే నమ్ముతారా?