వంగిన చేప

తొంభైల్లో ఒక కార్తీకం చివర. దివిసీమలో సముద్రం పక్కన మా పేట. నేను ఎండు చేపల గంప నెత్తిన పెట్టుకుని బందరు, గుడివాడ సంతలకి తిరిగేదాన్ని. తుఫాను వచ్చి వెళ్లాక మాకు లోకమే లేదు. రోడ్డు లేదు, కరెంటు లేదు. మిగిలినవాళ్లం షెల్టరు మేడ మీద పడి ఉన్నాం. కాకి అరవలేదు, కుక్క మొరగలేదు. పదిరోజులు ఒకటే ముసురు. చలికి పిల్లల పెదాలు నల్లబడ్డాయి.

తడిసిన బియ్యం కూడా అయిపోయాయి. కింద మోకాలి లోతు నీళ్లలో బలిసిన చేపలు కాళ్లకి తగులుతున్నాయి. ఒక్కరూ వల తియ్యలేదు. వేటకెళ్లిన మా మగాళ్లు ఆ నీళ్లలోనే ఉన్నారు. మా ఆయనా, నాగమ్మత్త కొడుకూ ఒకే పడవలో వెళ్లారు.

పదకొండో రోజు పొద్దున నా ఎండు చేపల డ్రమ్ము తుమ్మ కంపలో దొరికింది. మూత ఊడలేదు. మేడ మీదకి తెచ్చాను. పేటకి పెద్ద నాగమ్మత్త. ఆవిడ ముట్టందే ఎవరూ ముద్ద ఎత్తరు. ఆవిడకి చూపు ఆనదు.

"ఎప్పటివే మంగా?"

"తుఫానుకి ముందువత్తా. ఎండే లేందే ఎలా ఎండబెడతాను?"

"ఈ నీళ్లలోవి పట్టి పొగబెట్టి ఉంటావు. నిన్నటి చేపని ఇవాల్టిదని అమ్మిన నోరు కాదటే నీది?"

నిజమే, అమ్మాను.

"విరువు. నేను వింటాను," అంది.

ఎండ తిన్న చేప పుటుక్కున విరుగుతుంది. హడావిడిగా పొగబెట్టింది వంగుతుంది. ఒకటి విరిచాను, రెండోది విరిచాను. చప్పుడు మేడంతా వినబడింది. మూడోది అడుగునుంచి వచ్చింది. చప్పుడు రాలేదు.

చెమ్మ పట్టింది, అంతే. అదీ తుఫానుకి ముందుదేనని నాకు తెలుసు. చేతి చాటున ఇంకోటి విరిస్తే సరిపోయేది. పిల్లలందరూ డ్రమ్ము వైపే చూస్తున్నారు.

"వంగిందత్తా," అన్నాను. అడుగున మెత్తబడ్డవన్నీ తీసి కింద నీళ్లలోకి పారేశాను. ఆ బలిసిన చేపలు వాటి మీదకి ఎగబడిన చప్పుడు అందరం విన్నాం.

నాగమ్మత్త చెయ్యి చాచింది. విరిగిన ముక్కని వాసన చూసి, "మావాడు ఇంటికి తెచ్చిన ఆఖరి వేట ఇది," అని కొరికింది. "కాల్చండి. పిల్లలకి పెట్టండి."

తలుపు చెక్కలు మండించి కాల్చాం. సాయం పడవ వచ్చేదాకా అదే మా తిండి. పిల్లలందరూ బతికారు.

ఇప్పటికీ సంతలో చేప విరిచి, చప్పుడు వినిపించాకే తక్కెట్లో వేస్తాను. వంగితే, అడగకముందే నేనే చెబుతాను. జనం నా మాట నమ్మడం ఆ మేడ మీదే మొదలైంది.